ఎవరి పట్టాల మీద ఎవరి బండి

వ్యాగన్ అన్నాక ఒంటిమీద యజమాని పేరుండాలి. ఎస్.ఈ. అని ఉంటే సౌత్ ఈస్టర్న్, సి అని ఉంటే సెంట్రల్, డబ్ల్యూ అని ఉంటే వెస్టర్న్. మా రోజుల్లో బిలాస్‌పూర్ యార్డులో ట్రైన్స్ క్లర్కు పనంటే అదే. టి.ఎన్.సి. అనేవారు మమ్మల్ని. చేతిలో దీపం, చంకలో పుస్తకం. బండి ఈ చివర నుంచి ఆ చివరికి కంకర మీద నడుచుకుంటూ ఒక్కో వ్యాగన్ నంబరూ, దాని రైల్వే అక్షరమూ, అందులో సరుకూ, అది పోవాల్సిన ఊరూ రాసుకోవాలి. జనవరి చలికి వేళ్ళు కొంకర్లు పోయి పెన్సిలు నిలిచేది కాదు. అయినా ఒక్క అక్షరం తేడా వస్తే ఆ తప్పు కట్నీ దాకా, ఢిల్లీ దాకా పోయి, తిరిగొచ్చి రాసినవాడి మెడకే చుట్టుకునేది.

అన్నేళ్ళ ఉద్యోగంలో నేను చూడనిది ఒకటుంది. "ఇది మీ రైల్వే పెట్టె, మా పట్టాల మీద నడవడానికి వీల్లేదు" అని ఎవడూ వ్యాగన్‌ని ఆపలేదు. కోర్బా బొగ్గో చిరిమిరి బొగ్గో నింపి కట్నీలో సెంట్రల్ రైల్వేకి అప్పజెబితే, వాళ్ళ ఇంజను తగిలించుకుని వాళ్ళ దారిన వాళ్ళు పోయేవారు. మనవి వాళ్ళ దగ్గర ఎన్ని, వాళ్ళవి మన దగ్గర ఎన్ని అని జంక్షన్‌లో ఏ రోజుకారోజు లెక్క. తేడాకి రోజుకింతని అద్దె. ఆ లెక్కలు తేల్చే పెద్దమనిషి ఢిల్లీలో ఇండియన్ రైల్వే కాన్ఫరెన్స్ అసోసియేషన్. తెల్లదొరల కాలంలో, రైల్వేలన్నీ తలో కంపెనీగా ఉండి ఒకరి మీద ఒకరు కత్తులు నూరుకుంటున్నప్పుడే ఆ సంఘం పెట్టుకున్నారు. పెట్టె బాగుందా, చక్రం అరిగిందా అని చూడడానికి జంక్షన్లలో ఆ సంఘం మనుషులే ఉండేవారు. న్యూట్రల్ కంట్రోల్ అనేవాళ్ళం వాళ్ళని. ఇటు వాళ్ళూ కారు, అటు వాళ్ళూ కారు.

ఇంత ఉపోద్ఘాతం చెప్పి ఇప్పుడు సెల్‌ఫోన్ల గురించి మాట్లాడతానంటే మా ఇంట్లో నవ్వుతారు. నవ్వనీ.

సిమ్ కార్డులో కూడా సరిగ్గా అలాంటి నంబరే ఉంటుంది. మనం నలుగురికీ చెప్పుకునే పదంకెలది కాదు, లోపల దాగి ఉండే పదిహేనంకెలది. మొదటి మూడూ దేశానివి; మనకైతే 404, కాకుంటే 405. ఆ తర్వాతి అంకెలు కంపెనీవి, అదీ ఏ ప్రాంతపు కంపెనీయో. అంటే వ్యాగన్ మీద ఎస్.ఈ. అని రాసి పంపినట్టే. ఫోను ఆన్ చేయగానే దగ్గర్లో ఉన్న టవరుకి ఈ అంకెలు చెబుతుంది. టవరు వెనకున్న యంత్రం వాటిని చూసి మనవాడా పరాయివాడా తేల్చుకుంటుంది. పరాయివాడైతే వాడి సొంత కంపెనీని అడుగుతుంది: ఈయన మీ మనిషేనా, ఖాతాలో డబ్బుందా, మా దగ్గర మాట్లాడనిమ్మంటారా? ఇమ్మంటే ఇస్తుంది, లెక్క రాసుకుంటుంది, తర్వాత బిల్లు పంపుతుంది. మేం రాత్రంతా చలిలో తిరిగి చేసిన పని అది రెప్పపాటులో చేస్తోంది. సంతోషమే. మరి ఇంత చేతనైన యంత్రం పక్క కంపెనీ ఫోను కనబడగానే మొహం తిప్పుకోవడం ఎందుకు? అదీ నా గొడవ.

మా నాన్న బి.ఎన్.ఆర్. మనిషి. బెంగాల్ నాగ్‌పూర్ రైల్వే 1891లో నాగ్‌పూర్ నుంచి అసన్‌సోల్ దాకా లైను కలిపాక బిలాస్‌పూర్ రైలు ఊరయింది. 1930లు వచ్చేసరికి రాయ్‌పూర్–విజయనగరం లైను కూడా పడింది. ఇక మా పార్వతీపురం, బొబ్బిలి వైపు వాళ్ళకి ఇది పొరుగూరే. కళాసీలుగా, గ్యాంగ్‌మన్లుగా, ఫైర్‌మన్లుగా వచ్చారు, ఇక్కడే ఉండిపోయారు. ఇప్పటికీ బుధ్‌వారీ బజారులో నిలబడి "ఏటి బావా" అన్నామంటే ఎవరో ఒకరు వెనక్కి తిరిగి చూస్తారు.

క్వార్టర్లలో అప్పుడు ఫోనెక్కడిది? ఫోనంటే ఆఫీసులో ఉండే రైల్వే ఫోను. హ్యాండిల్ తిప్పితే ఎక్స్‌ఛేంజి పలికేది. బిలాస్‌పూర్ వాడు రాయ్‌పూర్ వాణ్ణి పట్టేవాడు, రాయ్‌పూర్ వాడు వాల్తేరు వాణ్ణి పట్టి ఇచ్చేవాడు. బిలాస్‌పూర్, వాల్తేరు రెండు డివిజన్లూ కలకత్తా గార్డెన్ రీచ్ ఆఫీసు కిందే కదా, అంతా సౌత్ ఈస్టర్న్. పైసా ఖర్చు లేదు. పెళ్ళి ముహూర్తాలూ, పురుళ్ళూ, చావు కబుర్లూ అన్నీ ఆ తీగ మీదే నడిచాయి. పై ఆఫీసరు వినకూడదు. విన్నా విననట్టు ఊరుకునేవాడు, ఆయనకీ ఇల్లుంది గనక. కానీ రైల్వే ఫోనులో రైల్వే ఊళ్ళే పలికేవి. మా పిన్ని ఉండే ఊరికి రైలు లేదు. ఆవిడకి కబురందాలంటే పార్వతీపురం స్టేషన్లో విన్నవాడు దయతలచి సైకిలు మీద ఎవరినైనా పంపాలి. లేదంటే తంతి తపాలా వాళ్ళ ట్రంకు కాల్. ఆర్డినరీ, అర్జెంటు, లైట్నింగు అని మూడు తరగతులు; లైట్నింగుకి ఎనిమిది రెట్లు. ఆర్డినరీ బుక్ చేసి, ఇంటికెళ్ళి భోంచేసి, ఒక నిద్ర తీసి వచ్చినా లైను కలిసేది కాదు. కలిశాక "హలో, వినబడతందా" అనుకోవడానికే మూడు నిమిషాలూ సరిపోయేవి. ఆ తర్వాత ఎస్.టి.డి. బూత్‌లు. రాత్రి 11 దాటితే పావు రేటని స్టేషన్ ఎదుట లుంగీల్లో, మంకీ టోపీల్లో బారులు తీరేవాళ్ళం. ఆ రోజులే బాగుండేవని నేనేం అనడం లేదు. అప్పుడు తీగ లేక మాట అందలేదు. తీగ ఉండి, టవరుండి, చేతిలో ఫోనుండి అందకపోవడం ఈ కాలపు సొగసు.

దేశంలో మొదటి సెల్‌ఫోను కాల్ 1995 జూలై 31న కలకత్తా నుంచి జ్యోతిబసు ఢిల్లీలో సుఖ్‌రామ్‌తో మాట్లాడింది. అప్పట్లో నిమిషానికి 16 రూపాయల దాకా గుంజేవారు. మనబోటి వాళ్ళకి అది పేపర్లో చదువుకునే ముచ్చటే. 2002 అక్టోబరులో బి.ఎస్.ఎన్.ఎల్. సెల్‌వన్ మొదలెట్టాక, 2003 మే 1 నుంచి వచ్చే కాల్‌కి డబ్బు కట్టక్కర్లేదన్నాక మా కాలనీకి సెల్‌ఫోను వచ్చింది. దాంతోపాటే రోమింగూ వచ్చింది.

దేశాన్ని ఫోన్లవాళ్ళు 22 సర్కిళ్ళుగా కోశారు. ఛత్తీస్‌గఢ్ రాష్ట్రం 2000 నవంబరు 1న పుట్టింది. రాజధాని వచ్చింది, హైకోర్టు మా ఊరికే వచ్చింది, 2003లో రైల్వే జోను కూడా మా ఊరికే వచ్చింది. ఫోను మాత్రం ఇప్పటికీ మధ్యప్రదేశ్ సర్కిలే. ఆంధ్రా, తెలంగాణా విడిపోయినా ఫోనులో కలిసే ఉన్నట్టు. మా ఊరి నుంచి సొంతూరికి ఒక్క రాత్రి ప్రయాణం. అందులో మూడు సర్కిళ్ళు. కోర్బా–విశాఖపట్నం ఎక్స్‌ప్రెస్ మహాసముంద్ దాటి ఖరియార్ రోడ్డులో అడుగుపెట్టిందంటే జేబులో ఫోను కుయ్ మనేది: ఒరిస్సాకి స్వాగతం. స్వాగతం అంటే మీటరు తిరుగుతోందని అర్థం. అక్కణ్ణించి రాయగడ దాకా ఎవరు పిలిచినా ఎత్తడానికి భయం. ఎత్తినవాడికే డబ్బు. బోగీలో ఎవరి ఫోనైనా మోగితే అందరూ అతని మొహం కేసే చూసేవారు, ఎత్తుతాడా, కట్ చేస్తాడా అని.

మా ఇంట్లో దానికొక ఏర్పాటుండేది. ఆంధ్రా సిమ్ ఒకటి విడిగా కొని, పార్వతీపురం వెళ్ళినప్పుడు వేసుకోవడం. మిగతా రోజుల్లో అది కాగితం మడతలో చుట్టి మా ఆవిడ కుంకం భరిణెలో ఉండేది. తెల్లవారుజామున బండి రాయగడలో ఆగేది. బయట "చాయ్ చాయ్". బోగీలో నీలం దీపం. సగం మంది లేచి కూర్చుని ఫోను వెనక మూత గోటితో లాగి, బ్యాటరీ ఊడదీసి, ఆ రేకు తలుపు జరిపి, పాత సిమ్ తీసి కొత్తది దూర్చేవారు. అందరూ ఒక్కసారే, ఏదో తంతు జరుపుకుంటున్నట్టు. అలా ఒకసారి మా ఆవిడ చేతిలో సిమ్ జారింది. కింద బెర్తు కింద వేరుశనగ తొక్కలు, ఎవరివో చెప్పులు, నీళ్ళ సీసాలు. టార్చి వేసి, నేలమీద బోర్లా పడుకుని తొక్కలు ఏరుతూ ఉన్నాను. ఎదుటి బెర్తు ముసలమ్మ కాళ్ళు పైకి ముడుచుకుని, "ఏటి పోనాది నాయనా, బంగారమా?" అంది. ఎవరిదో జోడులో దొరికింది. కుంకం అంటుకుని ఉండబట్టి ఎర్రగా కనబడింది, లేకపోతే విశాఖపట్నం యార్డులో ఊడ్చి పారేసేవారు.

ఆ బాధ పడలేక మధ్యప్రదేశ్ సిమ్‌తోనే పార్వతీపురంలో తిరిగితే ఇంకో చిత్రం. పక్క వీధిలో ఉన్న మా బావమరిది పిలిస్తే ఆ కాల్ మొదట మా సొంత సర్కిల్ దాకా పోయి, నేనెక్కడున్నానో కనుక్కుని, మళ్ళీ ఆంధ్రాకొచ్చి నా జేబులో మోగేది. అతనికి ఎస్.టి.డి. రేటు, నాకు రోమింగ్ రేటు. ఇద్దరం కలిసి అంత డబ్బు తగలేసి మాట్లాడుకున్న మాట "భోజనానికి రండి".

2007లో టెలికాం నియంత్రణ సంస్థ ట్రాయ్ వాళ్ళకి జాలి పుట్టింది. రోమింగ్‌కి నెలనెలా గుంజే అద్దె ఎత్తేసి, వచ్చే కాల్ నిమిషానికి 1.75కి మించకూడదన్నారు. 2013లో 75 పైసలకి, 2015లో 45 పైసలకి దించారు. విడతవిడతకీ పైసలు తగ్గించుకుంటూ వచ్చారంటేనే తెలియడం లేదూ, అది ఖర్చుకి తగ్గ ధర కాదని?

ఇంతకీ గేజి తేడా వేరు, తాళం వేరు. అది నా పాయింటు. రాయ్‌పూర్ నుంచి ధమ్తరికి చిన్న గేజి లైనుండేది. పెద్ద గేజి పెట్టె దానిమీద ఎక్కదు. ఎవరి తప్పూ కాదు, పట్టాల మధ్య దూరం అంతే. హమాలీలు ఒక పెట్టెలోంచి దించి ఇంకో పెట్టెలోకి ఎక్కించేవారు. సి.డి.ఎం.ఎ. ఫోన్లు అలాంటివి. 2003 వానాకాలంలో రిలయన్స్ వాళ్ళు 501 రూపాయలు కట్టు, ఫోను పట్టుకెళ్ళు అన్నారు. ఊరు ఊరంతా విరగబడింది. ఆ ఫోన్లలో సిమ్ ఉండేది కాదు, నంబరు ఫోను కడుపులోనే రాసేవారు. కంపెనీ మారాలంటే ఫోనే మార్చుకోవాలి. ఇంకో తమాషా, అవి వైర్‌లెస్ లోకల్ లూప్ లైసెన్సు కింద వచ్చినవి గనక మొదట్లో చట్టప్రకారం వాటికి తమ ఏరియా దాటి తిరిగే హక్కు లేదు. 2003 నవంబరులో లైసెన్సులన్నీ ఒకటి చేశాక గానీ ఆ పేచీ తెగలేదు. నేనూ అలాంటి ఫోనొకటి వాడాను, ఏ కంపెనీదో చెప్పను. టవర్లు మూసేసిన నాడు అది బల్లమీద కాగితాలు ఎగరకుండా పెట్టుకోవడానికి మిగిలింది. అయినా నాకు కోపం రాలేదు. గేజి వేరు, ఏం చేస్తాం.

తాళం సంగతి అలా కాదు. పట్టాలు ఒకటే, చక్రాలు ఒకటే, పెట్టె బ్రహ్మాండంగా నడుస్తుంది. ఇరుసుకి గొలుసు కట్టి, తాళం వేసి, తాళంచెవి కంపెనీ దగ్గర పెట్టుకోవడం. మా చిన్నాడు అమెరికా నుంచి వచ్చినప్పుడు తను వాడిన ఫోను నాకిచ్చి వెళ్ళాడు. అద్దంలా మెరుస్తోంది. మన సిమ్ పెడితే "ఈ సిమ్ చెల్లదు" అంది. బుధ్‌వారీ బజారులో ఫోన్లు బాగుచేసే కుర్రాడి దగ్గరికి తీసుకెళ్ళాను. స్టార్ హ్యాష్ సున్నా ఆరు హ్యాష్ నొక్కాడు, పదిహేనంకెలు వచ్చాయి, కాగితం మీద రాసుకున్నాడు. అది చూస్తే నాకు ప్రాణం లేచొచ్చింది, వ్యాగన్ నంబరు రాసినట్టే ఉంది. "అంకుల్‌జీ, యే అమెరికా కా తాలా హై" అన్నాడు. అక్కడి కంపెనీ కోడు ఇస్తే తెరుచుకుంటుందట. మావాడు డబ్బంతా కట్టి కొన్న ఫోను! అక్కడి కంపెనీకి ఫోన్ చేస్తే ఖాతా మూసేసినవాళ్ళకి కోడు ఇవ్వం అన్నారట. ఆ ఫోను మా మనవడికి బొమ్మయింది.

తర్వాత తెలిసింది, అది అక్కడి దేశవాళీ జబ్బని. 2007లో ఐఫోను వచ్చినప్పుడు అమెరికాలో ఎ.టి. అండ్ టి. సిమ్‌తో తప్ప పలికేది కాదు. రెండు నెలలు తిరక్కుండా జార్జ్ హాట్జ్ అనే పదిహేడేళ్ళ పిల్లాడు దాని తాళం ఊడదీసి లోకానికి చూపించాడు. మన దేశానికి ఆ ఫోను 2008 ఆగస్టులో వచ్చింది, 31 వేలకి. ఎయిర్‌టెల్, వొడాఫోన్ అమ్మాయి, ఎవరిది వారికే తాళం. అమెరికాలో అయితే 2013 జనవరి నుంచి కొన్నాళ్ళు, కంపెనీ అనుమతి లేకుండా కొత్త ఫోను తాళం తీయడం చట్టవిరుద్ధం కూడా అయింది. జనం గోల పెడితే 2014 ఆగస్టు 1న ఒబామా సంతకంతో ఆ కట్టు తెగింది. సొంత ఫోను తాళం తీసుకోవడానికి దేశాధ్యక్షుడి సంతకం కావలసిన చోట మావాడు ఉద్యోగం చేస్తున్నాడు.

మనం మాత్రం తక్కువా? 2017లో జియోఫోను వచ్చింది. 1500 డిపాజిట్టు, జియో సిమ్ తప్ప ఇంకోటి పనిచేయదు. చౌకగా ఇచ్చారు గనక కట్టేసుకున్నారు, అందులో కొంత న్యాయం ఉందనే అంటాను. అద్దె పెట్టెకి షరతులుంటాయి. పూర్తి ధర పెట్టి కొన్నదానికి గొలుసేమిటి?

నంబరు సంగతీ అంతే. కంపెనీ మారినా నంబరు మారకుండా ఉండే ఏర్పాటు 2010 నవంబరులో హర్యానాలో మొదలై, 2011 జనవరి 20న దేశమంతా వచ్చింది. పోర్ట్ అని 1900కి మెసేజి కొట్టు, 19 రూపాయలు కట్టు అన్నారు అప్పట్లో. బాగానే ఉంది. కానీ సర్కిల్ లోపలే. మాతో రిటైరైన వాళ్ళు చాలామంది విజయనగరం వెళ్ళి స్థిరపడ్డారు. వాళ్ళందరూ ఏళ్ళ తరబడి వాడిన నంబరు ఇక్కడే వదిలేసి వెళ్ళాల్సొచ్చింది. పెన్షను కాగితాల్లో ఆ నంబరే, బ్యాంకులో ఆ నంబరే. 2015 జూలై 3న సర్కిళ్ళు దాటి కూడా తీసుకెళ్ళవచ్చన్నారు. అప్పటికి కొత్త నంబర్లు పాతబడిపోయాయి.

ఇక 2016 సెప్టెంబరు 5న జియో వచ్చి రోమింగ్ లేదు పొమ్మంది. 2017 ఏప్రిల్ నుంచి ఎయిర్‌టెల్ కూడా ఎత్తేసింది, మిగతావాళ్ళూ దారికొచ్చారు. అందుకే మా మనవడికి రోమింగ్ అంటే తెలియదు. బిలాస్‌పూర్‌లో చెవిలో పెట్టుకున్న పాట విజయనగరం దాకా ఆగదు. రాయగడలో వాడు నిద్రపోతుంటాడు. రోమింగ్ పోయిందనుకుని అందరూ చంకలు గుద్దుకుంటున్నారు. పోయింది రేటు. గొలుసు అలాగే ఉంది.

ఎలాగంటారా? నీ కంపెనీ టవరు లేని చోట పక్క కంపెనీ టవరు ఎదురుగా నిలబడి ఉన్నా నీ ఫోను పలకదు. పలకలేక కాదు, పలకనివ్వక. ఋజువు ఫోనులోనే ఉంది. "ఎమర్జెన్సీ కాల్స్ ఓన్లీ" అని వస్తుంది చూశారా? అంటే నీ టవరు లేదు, పరాయి టవరుంది, చచ్చేలా ఉంటే 112 నొక్కుకో, ఆ ఒక్కదానికి రానిస్తాను అని. చావు కబురుకి తెరుచుకునే తలుపు పెళ్ళి కబురుకి ఎందుకు తెరుచుకోదు? 2019 మేలో ఫణి తుపాను ఒడిశా మీద పడినప్పుడు ప్రభుత్వం చెబితే కంపెనీలన్నీ ఒకరి మనుషుల్ని ఒకరు రానిచ్చాయి. అలా రానిచ్చినందుకు టవర్లేం విరిగిపోలేదు, యంత్రాలేం బెంగెట్టుకోలేదు.

మా మేనల్లుడు ఒకడు టవర్ల కంపెనీలో ఇంజనీరు. వాడితో ఈ వాదన పెట్టుకున్నాను. "మావయ్యా, అడవిలో టవరు వేసి, రోడ్డు లేని చోటికి డీజిలు మోయించుకునేది ఒకడైతే, అందరూ వచ్చి వాడుకుంటామంటే ఇంకెవడు వేస్తాడు? అందరికన్నా ముందు వేశాననే కదా వాడి గొప్ప" అన్నాడు. మాట కొట్టిపారేయదగ్గది కాదు. కొత్త లైను వేసినవాడికి అందులో లాభం కనబడాలి, నిజమే. అయితే అద్దె కట్టించుకోవయ్యా అంటున్నాను, ఊరికే ఇమ్మన్నానా? మా కట్నీ లెక్క అదే కదా. పైగా ఈ టవర్ల ఇనుమంతా వీళ్ళు కలిపే వాడుకుంటున్నారు. ఎయిర్‌టెల్, వొడాఫోన్, ఐడియా కలిసి 2007లో ఇండస్ టవర్స్ పెట్టుకున్నాయి. ఒక్క స్తంభానికే వేర్వేరు కంపెనీల డబ్బాలు వేలాడతాయి. ఇనుములో కలిసే ఉంటారు, మన దగ్గరికొచ్చేసరికి విడివిడి.

అలాగని ప్రభుత్వం ఎప్పుడూ జనం పక్షానే ఉందనుకునేరు. 2010లో 3జీ వేలం పెడితే ఏ ప్రైవేటు కంపెనీకీ 22 సర్కిళ్ళూ దక్కలేదు. ఎయిర్‌టెల్, వొడాఫోన్, ఐడియా మీ చోట మావాళ్ళు, మా చోట మీవాళ్ళు అని ఒప్పందం రాసుకున్నాయి. నాకు నచ్చిన పని అదొక్కటే. ప్రభుత్వం కూడదంది, జరిమానాలు వేసింది, కోర్టుల చుట్టూ తిప్పింది. 2014 ఏప్రిల్లో టెలికాం ట్రిబ్యునల్ కంపెనీల వైపు తీర్పిచ్చింది. నాలుగేళ్ళు పోయాయి. అదే ప్రభుత్వం 2025 జనవరి 17న తన డిజిటల్ భారత్ నిధి డబ్బుతో వేసిన టవర్ల మీద బి.ఎస్.ఎన్.ఎల్., ఎయిర్‌టెల్, జియో ఎవరి ఫోనైనా పలకాలంది. సుమారు 27 వేల టవర్లు, 35 వేలకు పైగా ఊళ్ళు. మంచిదే. బస్తరులో ఎక్కడో ఒక్క టవరున్న ఊళ్ళో అది పెద్ద మాట. కంపెనీలు సొంత డబ్బుతో వేసిన టవర్ల సంగతి మాత్రం ఎవరూ ఎత్తలేదు.

ఆ ప్రకటన పేపర్లో చదివిన కొద్దిరోజులకే కుంభమేళాకి బయల్దేరాం. బిలాస్‌పూర్–కట్నీ లైను, నా పాత దారి. ఖోంగ్‌సరా దాటితే అడవి. భన్వర్‌టోంక్ దగ్గర ఘాటూ, సొరంగమూ. బొబ్బిలిలో మా వదిన, పెద్దన్నయ్య భార్య, మేం బండెక్కామో లేదో అని కంగారు పడే మనిషి. ఫోను తీస్తే "ఎమర్జెన్సీ కాల్స్ ఓన్లీ". ఎదురుగా కూర్చున్న పేండ్రా కుర్రాడు హాయిగా ఫోనులో నవ్వుతున్నాడు. వేరే కంపెనీ. మా ఇద్దరి ఫోన్ల మధ్యా జానెడు దూరం. అతని ఫోనుకి వస్తున్న గాలే నా ఫోనుకీ తగులుతోంది. మా ఆవిడ ఉండబట్టలేక అతన్ని అడిగింది. "లీజియే బాబూజీ" అని వెంటనే ఇచ్చేశాడు. వదినతో రెండు మాటలు మాట్లాడి ఇచ్చేశాను. అతను పేండ్రా రోడ్డులో దిగిపోయాడు.

వదినకి చూపు ఆనదు. ఆ నంబరు నా కొత్త నంబరనుకుని ఎదురింటి పిల్ల చేత నా పేరుతో ఎక్కించుకుంది. ఉగాదికి దానికే చేసింది, శ్రీరామనవమికీ దానికే చేసింది. ఆ కుర్రాడెవరో గానీ మర్యాదస్థుడు, పెట్టేయకుండా వింటాడట. మొన్న మా ఆవిడతో వాపోయిందట: "మరిది ఈమధ్య నాతో హిందీలోనే మాట్లాడతన్నాడేటే?"